చిలక, ఈగ, కాకి

పాలమూరు, నల్లగొండ పల్లెల్లో బాలనాగమ్మ కథ వినని పెద్దవాళ్లు తక్కువ. కొందరు బుర్రకథగా విన్నారు, కొందరు యక్షగానంగా తెల్లవార్లూ కూర్చుని చూశారు, కొందరికి సినిమాగానే తెలుసు. ఎలా తెలిసినా అందరికీ గుర్తుండేది ఒకటే సంగతి. మాయల ఫకీరు ప్రాణం ఫకీరు ఒంట్లో ఉండదు. ఏడు సముద్రాల అవతల, మర్రిచెట్టు తొర్రలో, ఒక చిలకలో ఉంటుంది. చిలక రెక్క విరిస్తే ఫకీరు చెయ్యి విరుగుతుంది, చిలక మెడ నులిమితే ఫకీరు చస్తాడు.

చిన్నప్పుడు ఇది ఒట్టి మాయగా అనిపిస్తుంది. కొంచెం వయసొచ్చాక ఆ కథలో ఏమేం ఉన్నాయో చూస్తే ఆశ్చర్యం వేస్తుంది. ఫకీరు వచ్చింది బాలనాగమ్మ అందం కోసం. ఆమెను ఎత్తుకుపోవడానికి కుక్కగా మార్చేశాడు, అంటే ఆమె ముఖం, మాట, మనిషిగా ఆమెకున్న గుర్తింపు అన్నీ ఒక్క క్షణంలో తీసేశాడు. తన చావు భయాన్ని మాత్రం ఎవరూ ముట్టుకోలేని చోట, ఒక అందమైన పిట్టలో దాచుకున్నాడు. అందం, గుర్తింపు, చావు భయం అనే మూడు ముక్కల గురించి ప్రపంచ సినిమా నూరేళ్లుగా ఎన్ని రకాలుగా చెప్పిందో, వాటన్నిటి మూలమూ ఈ కథలో ఉంది.

సినిమాలో అందం గురించి మాట్లాడేటప్పుడు రంగు దగ్గరో, ఒళ్లు దగ్గరో, మేకప్ దగ్గరో ఆగిపోతుంటాం. అసలు సంగతి ఇంకొంచెం లోపల ఉంది. సినిమా మనిషి ముఖాన్ని ఒక వయసు దగ్గర పట్టి ఆపేస్తుంది. ఆ ముఖం ఇక ముసలిది కాదు, చావదు. అది తొర్రలోని చిలక. కానీ ఫకీరు కథకీ దీనికీ ఒక తేడా ఉంది. చిలక క్షేమంగా ఉన్నంతకాలం ఫకీరు క్షేమం. సినిమాలో చిలక ఎప్పటికీ క్షేమమే, బయట ఉన్న మనిషి మాత్రం రోజురోజుకీ దానికి పోలిక తప్పుతుంటాడు. భయం అక్కడ మొదలవుతుంది. ప్రాణం పోతుందన్న భయం తర్వాత సంగతి, అంతకంటే ముందు తననెవరూ గుర్తుపట్టని రోజు వస్తుందన్న భయం.

తెలుగు సినిమాలోనే ఒక ఉదాహరణ చూడాలి. 1972లో వచ్చిన బడిపంతులులో ఎన్టీఆర్ జుట్టు నెరిసిన ముసలి మాస్టారు, చిన్నపిల్లగా ఉన్న శ్రీదేవి ఆయనకు మనవరాలు. 1979లో వచ్చిన వేటగాడులో అదే ఎన్టీఆర్ హీరో, అదే శ్రీదేవి హీరోయిన్. ఆమెకి అప్పటికి పదహారేళ్లు నిండలేదు, ఆయనకు యాభై ఆరు. ఏడేళ్లలో మనవరాలు పెరిగి పెద్దదైంది, తాత మాత్రం వెనక్కి నడిచి కుర్రాడైపోయాడు. దీన్ని చాలామంది నవ్వుకుంటూ చెప్పుకుంటారు కానీ ఇందులో నవ్వాల్సింది పెద్దగా లేదు. ఆ రోజుల్లో మిర్యాలగూడలోనో జడ్చర్లలోనో నేల టికెట్ తీసుకుని కాగితాలు చించి ఎగరేసిన మనిషికి ఆయన వయసు తెలియక కాదు. తెలిసీ ఒప్పుకున్నాడు. ఎందుకంటే తెరమీద ఆ ముఖం ముసలిదైతే, తను ఇరవై ఏళ్ల వయసులో మొదటిసారి ఆ ముఖాన్ని చూసిన రోజు కూడా ముసలిదైపోతుంది.

మహాభారతంలో యయాతి కథ ఇదే. శుక్రుడి శాపంతో ముసలితనం మీద పడితే కొడుకులను వరసగా అడిగాడు, చివరి కొడుకు పూరుడు తన యవ్వనం ఇచ్చి తండ్రి ముసలితనం తీసుకున్నాడు. మన హీరోల వ్యవహారం కూడా ఇలాంటిదే, కాకపోతే ఇక్కడ పూరుడు ప్రేక్షకుడు. తన వయసు తీసి హీరోకిచ్చి, తను మాత్రం మామూలుగా ముసలివాడవుతూ బతుకుతాడు. యయాతి వెయ్యేళ్లు అనుభవించి, ఆశకు తృప్తి అన్నది లేదని తెలుసుకుని యవ్వనం తిరిగిచ్చేశాడు. మన హీరోల్లో తిరిగిచ్చినవాళ్లు చాలా తక్కువ. దీనికి ఎదురుగా ఎస్వీ రంగారావును పెట్టి చూస్తే సంగతి ఇంకా బాగా తెలుస్తుంది. ఎన్టీఆర్ కంటే ఆయన ఐదేళ్లే పెద్ద. అయినా 1962లో గుండమ్మ కథలో ఎన్టీఆర్‌కీ ఏఎన్నార్‌కీ తండ్రిగా నటించాడు, నిండు తండ్రిలాగే కనిపించాడు. ఆయన చిలకను దాచుకోలేదు కాబట్టి ఏ వయసైనా వేసుకుని విడవగలిగాడు. యాభై ఆరేళ్లకే చనిపోయాడు, కానీ ముసలితనమంతా ముందే తెరమీద చూసి వెళ్లిపోయినట్టుంటుంది.

ఆడవాళ్ల దగ్గరికొస్తే ఈ లెక్క క్రూరంగా మారుతుంది. వాళ్లకు యవ్వనం ఇచ్చే పూరుడెవరూ లేడు. మాలపిల్ల (1938)తో ఊరూరా పేరు మోగిన కాంచనమాల, 1942లో జెమినీ వాళ్ల బాలనాగమ్మలో నాయిక. ఆ రోజుల్లో అందమంటే ఆమే. ఆ సినిమా తర్వాత ఆమె దాదాపుగా తెర నుంచి తప్పుకుంది, చాలా ఏళ్లకు నర్తనశాల (1963)లో ఒక చిన్న వేషంలో కనిపించింది. బాలనాగమ్మ వేషం వేసిన మనిషి ముఖం క్యాలెండర్ల మీద మిగిలిపోయి, మనిషి మాత్రం ఎవరూ గుర్తుపట్టని చోట బతకడం గురించి ఆలోచిస్తే, ఆ కథలో కుక్కగా మారిన ఆడమనిషి గుర్తుకు రాకుండా ఉండదు.

హాలీవుడ్ ఈ గాయాన్ని తనే విప్పి చూపించుకుంది. 1950లో బిల్లీ వైల్డర్ తీసిన సన్‌సెట్ బులెవార్డ్‌లో నోర్మా డెస్మండ్ ఒకప్పటి మూకీ తార. పెద్ద బంగళాలో తన ఫొటోల మధ్యనే ఉంటూ రాత్రిళ్లు తన పాత సినిమాలే వేసుకుని చూస్తుంటుంది. ఆ పాత్ర వేసిన గ్లోరియా స్వాన్సన్ నిజంగానే మూకీల కాలం తార, నోర్మా చూసే ఆ పాత సినిమా ముక్క కూడా స్వాన్సన్ నటించిన క్వీన్ కెల్లీలోదే. దాన్ని తీసిన దర్శకుడు ఎరిక్ వాన్ స్ట్రోహైమ్ ఇందులో ఆమె ఇంట్లో నౌకరు వేషంలో నిలబడి ప్రొజెక్టర్ తిప్పుతుంటాడు. నిజం మనుషులు, నిజం రీలు, నడుమ కథ మాత్రమే కల్పితం. స్వాన్సన్‌కి అప్పుడు యాభై. తెరమీద తన ఇరవైల ముఖం పడుతుంటే ఆ వెలుగులోకి లేచి నిలబడి, ఇప్పటి ముఖాన్ని పైకెత్తుతుంది. అంత ధైర్యం చేసిన నటి మళ్లీ కనబడటానికి చాలా ఏళ్లు పట్టింది.

ఆ ధైర్యం 2024లో డెమీ మూర్ చేసింది. కొరాలీ ఫార్జా తీసిన ద సబ్‌స్టెన్స్‌లో ఆమె ఎలిజబెత్ అనే టీవీ తార. యాభయ్యో పుట్టినరోజు నాడే ఉద్యోగం పోతుంది. ఒక మందు ఎక్కించుకుంటే ఆమె వీపు చీల్చుకుని పడుచుపిల్ల ఒకతె బయటికొస్తుంది. వారం ఈ ఒళ్లు, వారం ఆ ఒళ్లు. ఇద్దరూ ఒకరేనని మందు ఇచ్చినవాళ్లు పదేపదే చెబుతుంటారు కానీ ఇద్దరిలో ఎవరూ నమ్మరు. ఆఖరికి రక్తం, మాంసం, వికారం చాలా ఉన్నాయి ఆ సినిమాలో. అందరూ వాటి గురించే మాట్లాడుకున్నారు, మేకప్‌కి ఆస్కార్ కూడా వచ్చింది. కానీ అసలు భయంకరమైన సీన్‌లో ఒక్క చుక్క రక్తం లేదు. ఎలిజబెత్ ఒక పాత స్నేహితుణ్ణి కలవడానికి తయారవుతుంది. ఎర్ర డ్రెస్ వేసుకుని బయలుదేరబోతుంది. కిటికీలోంచి పడుచుపిల్ల బొమ్మ ఉన్న పెద్ద హోర్డింగ్ కనబడుతుంది. వెనక్కొచ్చి అద్దంలో చూసుకుని మెడ కప్పుకుంటుంది. మళ్లీ తలుపు దాకా వెళ్తుంది, మళ్లీ వస్తుంది, లిప్‌స్టిక్ ఇంకొంచెం వేస్తుంది. నాలుగోసారో ఐదోసారో అద్దం ముందు నిలబడి అరచేత్తో ఆ రంగంతా ముఖం మీదికి రుద్దేస్తుంది, చర్మం ఊడొస్తుందేమో అన్నంత గట్టిగా. వెళ్లదు. చీకట్లో మంచం మీద కూర్చుండిపోతుంది. ఆమె కోసం ఎదురుచూస్తున్న మనిషి ఆమెను ఉన్నదున్నట్టుగా మెచ్చుకున్నవాడే. ఆ మాట ఆమె దాకా చేరలేదు, ఎందుకంటే ఆమె ప్రాణం హోర్డింగ్ మీద ఉంది. ఇది చూసినవాళ్లకు ఇంక ఫకీరు చిలక గురించి విడమర్చి చెప్పక్కర్లేదు.

మన సావిత్రి సంగతి కథగా చెప్పుకోవడం కూడా కష్టమే. 1981 డిసెంబర్ 26న చనిపోయేముందు పందొమ్మిది నెలలు కోమాలో ఉంది. ఆ మంచం మీది ఫొటో ఒకటి పత్రికల్లో వచ్చింది, చూసినవాళ్లకు మర్చిపోవడం తరం కాలేదు. మనకు మాయాబజార్ శశిరేఖ కావాలి, ఆ మంచం మీది మనిషి వద్దు. 2018లో మహానటి వచ్చినప్పుడు జనం వెక్కివెక్కి ఏడ్చారు, ఆ ఏడుపు నిజమైనదే, కీర్తి సురేష్‌కి జాతీయ అవార్డు కూడా న్యాయంగానే వచ్చింది. కానీ ఆ ఏడుపులో కొంత అపరాధభావం కూడా ఉందనిపిస్తుంది. చిలకను ప్రేమించి, చిలక లేని మనిషిని వదిలేసినవాళ్లం కదా.

అదే 1981లో ప్రేమాభిషేకం వచ్చింది. ఏఎన్నార్‌కి తెరమీద క్యాన్సర్. ప్రేమించిన అమ్మాయి తనని అసహ్యించుకునేలా చేసి, లోపల్లోపల కుమిలి చనిపోతాడు. ఊళ్లకు ఊళ్లు ఏడ్చాయి. 1989లో గీతాంజలి వచ్చింది, హీరోకి క్యాన్సర్, హీరోయిన్‌కి గుండె జబ్బు, చుట్టూ ఊటీ మంచు. ఇద్దరూ చావుకు దగ్గరవుతున్నకొద్దీ ఇంకా అందంగా కనబడతారు. మంచి సినిమాలే, ముఖ్యంగా గీతాంజలిలో చావు గురించి ఆ అమ్మాయి అంత తేలిగ్గా, అల్లరిగా మాట్లాడటం తెలుగులో అప్పటిదాకా వినని గొంతు. కానీ మన సినిమా ఎంచుకునే జబ్బుల్ని ఒకసారి వరసగా పెట్టి చూడండి. క్యాన్సర్, గుండెలో రంధ్రం, మెదడులో గడ్డ. అన్నీ లోపలి జబ్బులు. ముఖాన్ని ముట్టుకోవు. పెదవి పక్కన ఒక సన్నటి రక్తపు గీత, అంతే. జుట్టు ఊడదు, ఒళ్లు వంగదు, పళ్లు చెడవు. మనిషి చావచ్చు, అందం మాత్రం చావకూడదు. అదే ఒప్పందం.

నల్లగొండ జిల్లావాళ్లకు ఈ ఒప్పందం ఎంత అబద్ధమో ఇంకొకరు చెప్పనక్కర్లేదు. మర్రిగూడ, మునుగోడు, చౌటుప్పల్ వైపు తరాల తరబడి తాగిన బోరునీళ్లలో ఫ్లోరైడ్. లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటితే ప్రమాదమని చెప్పే పదార్థం, అంతకు ఎన్నో రెట్లు ఉన్న బావులు ఈ నేలలో ఉండేవి. పిల్లలకు శాశ్వత దంతాలు తయారయ్యే వయసులో ఆ నీళ్లు తాగితే పళ్ల మీద పసుపు, గోధుమరంగు మచ్చలు పడతాయి. అవి తోమితే పోయేవి కావు, పంటి పైపూతలోనే ఉంటాయి. ఇంకా ఏళ్ల తరబడి తాగితే ఎముకలు బిగుసుకుపోతాయి, నడుం వంగిపోతుంది, మెడ తిరగదు. నీళ్లలోంచి ఫ్లోరైడ్ తీయడానికి నాగపూర్‌లోని నీరీ సంస్థ పటిక, సున్నం వాడి ఒక పద్ధతి కనిపెట్టి దానికి నల్లగొండ టెక్నిక్ అని పేరు పెట్టింది. ప్రపంచంలో ఎక్కడెక్కడో ఇంజనీర్లు ఈ ఊరి పేరు పలుకుతారు. మిషన్ భగీరథ నీళ్లు వచ్చాక కొత్త తరం పళ్లు తెల్లగా వస్తున్నాయి. కానీ అప్పటికే వంగిన నడుములు వంగినట్టే ఉన్నాయి.

ఆ వంగిన ఒంటితో ఒక ప్రేమకథ, ఆ మచ్చల పళ్లతో నవ్వే ఒక హీరోయిన్ మన తెరమీద ఎందుకు ఉండరు అన్నది ఈ ప్రాంతంవాళ్లు అడగాల్సిన ప్రశ్న. జబ్బు మనిషి పాత్ర ఉంటే జాలి కోసం ఉంటుంది, లేదా ప్రభుత్వ ప్రకటనలో ఉంటుంది. ఫ్లోరోసిస్ ఉన్న మనిషి కూడా పొద్దున లేచి అద్దం చూసుకుంటాడు, పెండ్లికి మంచి అంగీ వేసుకుంటాడు, ఫొటో తీస్తుంటే నోరు మూసుకుంటాడు. ఈ జిల్లా పాత పెండ్లి ఆల్బమ్‌లు తీసి చూస్తే ఒక సంగతి కనబడుతుంది. నవ్వేటప్పుడు చాలామంది చెయ్యి నోటికి అడ్డం పెట్టుకుని ఉంటారు. సిగ్గు అనుకుంటాం. కొంత సిగ్గే, కానీ కొంత నీళ్లు.

ఆ ఫొటోల గిరాకీ ఇంట్లో చావైన రోజు వస్తుంది. నల్లగొండ గడియారం సెంటర్ చుట్టుపక్కల గానీ, దేవరకొండలో గానీ, ఏ ఫొటో స్టూడియోలోనైనా ఒక పూట కూర్చుంటే ఈ పని చూడొచ్చు. ఇంటి దగ్గరికి ఫ్రీజర్ బాక్స్ చేరేలోపే ఒక కుర్రాడు బండి మీద స్టూడియోకి వస్తాడు, చేతిలో ఆధార్ కార్డో, ఎవరిదో పెండ్లి గ్రూప్ ఫొటోనో. స్టూడియో అన్న అందులోంచి తల కత్తిరించి కంప్యూటర్‌లో ఒక కోటులో పెడతాడు, ఆడమనిషైతే పట్టుచీర. వెనక నీలం రంగు. తర్వాత మౌస్‌తో ముఖం మీద రుద్దుకుంటూ పోతాడు, ముడతలు ఒక్కొక్కటే మాయమవుతాయి. రంగు రెండు మెట్లు తెలుపెక్కుతుంది. కొడుకు వెనక నిలబడి ఇంకొంచెం తెల్లగ చెయ్యన్నా, ఫ్లెక్స్ మీద నల్లగొస్తది అంటాడు. పక్కన మనవరాలు ఉంటే అప్పుడొస్తుంది అసలు పేచీ. "గట్ల రుద్దకన్నా, మా నాయినమ్మ లెక్క లేదు గామె" అంటుంది. స్టూడియో అన్న రెండడుగులు వెనక్కి పోయి ముడతలు మళ్లీ తెస్తాడు. కొడుకు ఊరుకోడు.

ఈ పేచీలో ఇద్దరూ ప్రేమతోనే మాట్లాడుతున్నారు. కొడుకు తల్లికి బతికుండగా ఇవ్వలేకపోయిన అందాన్ని ఇప్పుడు ఇవ్వాలనుకుంటున్నాడు, నలుగురు చూసే రోడ్డు మీద ఆమె పెద్దింటి మనిషిలా కనబడాలి. మనవరాలికి తను పక్కలో పడుకున్న మనిషి కావాలి. కొడుక్కి కావాల్సింది అందం, మనవరాలికి కావాల్సింది గుర్తింపు, రెండూ ఒకే ముఖంలో ఇమడటం లేదు. సినిమాలో ఇంతకంటే పెద్ద చర్చ ఏదీ జరగలేదు. కొందరు దర్శకులు కొడుకు పక్కన నిలబడతారు, కొందరు మనవరాలి పక్కన. మన దగ్గర కొడుకు పక్కన ఉన్నవాళ్లే ఎక్కువ.

ఈ నేల నుంచే వెళ్లిన కాంతారావు జీవితంలో ఈ రెండు ముఖాలూ కనబడతాయి. కోదాడ దగ్గర గుడిబండలో పుట్టి, జానపద సినిమాల్లో కత్తి కాంతారావుగా పేరు తెచ్చుకుని, లవకుశలో లక్ష్మణుడిగా, ఎన్నో సినిమాల్లో నారదుడిగా నటించారు. సొంతంగా సినిమాలు తీసి ఉన్నదంతా పోగొట్టుకున్నారు. ముసలితనంలో టీవీ సీరియళ్లలో, చిన్నచిన్న వేషాల్లో కనిపించారు, 2009 మార్చిలో క్యాన్సర్‌తో పోయారు. రాకుమారుడిగా కత్తి తిప్పిన మనిషి తెల్లటి జుట్టుతో ఇంటర్వ్యూలో కూర్చుని మాట్లాడుతుంటే చూసినవాళ్లకు బాధ వేసింది నిజమే. కానీ ఆయన దాక్కోలేదు. ఉన్న ముఖంతోనే కెమెరా ముందుకొచ్చి పని అడిగారు, చేశారు. నోర్మా డెస్మండ్ చేయలేకపోయిన పని అది.

చావు భయానికి తెలుగు సినిమా ఇంకో మందు కనిపెట్టింది, అది ఇంకే భాషలోనూ ఇంత బలంగా లేదేమో. చావుకే ఒక ముఖం ఇచ్చేసింది. కైకాల సత్యనారాయణ ముఖం. యమగోల (1977), యముడికి మొగుడు (1988), యమలీల (1994) చూసి పెరిగిన పిల్లలకు యముడంటే కిరీటం, మీసాలు, గద, చేతకాని కోపం. పక్కన చిత్రగుప్తుడు, ఆయన చేతిలో తప్పులతడక చిట్టా. చావును ఒక ఆఫీసుగా చేసేశారు, ఆఫీసన్నాక ఫైలు తారుమారవుతుంది, పొరపాటున పేరు రాసుకుంటారు, అడిగేవాడుంటే దిద్దుతారు. మండలాఫీసు చుట్టూ తిరిగి తిరిగి అలసిపోయిన రైతుకు ఇది ఎంత ఊరటో ఊహించుకోవచ్చు. చావును గెలవలేం, కానీ దాంతో గొడవపడొచ్చు.

అయితే యముడికి మొగుడులో కథ నడిచిన తీరు గమనించాలి. కాలం తీరకముందే చిరంజీవిని పైకి తీసుకుపోతారు, కింద ఒళ్లు దహనమైపోతుంది, అందుకని ఇంకొకరి ఒంట్లోకి పంపాలి. ఎవరి ఒంట్లోకి పంపుతారు? సరిగ్గా అదే ముఖం ఉన్న ఇంకో మనిషి ఒంట్లోకి. ప్రాణం మారొచ్చు, ఊరు మారొచ్చు, అమ్మానాన్నలు మారొచ్చు, ముఖం మాత్రం మారడానికి వీల్లేదు. హీరో అంటే ప్రాణం కాదు, ముఖం. ఆ సరదా సినిమా తెలియకుండానే ఈ మాటను ఇంత సూటిగా చెప్పేసింది.

దీనికి తలకిందులైన ఆట 1957లోనే ఆడేశారు కేవీ రెడ్డి. మాయాబజార్ రెండో సగంలో కనబడేది శశిరేఖ కాదు, శశిరేఖ రూపంలో ఉన్న ఘటోత్కచుడు. ముఖం సావిత్రిది, లోపలున్నది రంగారావు. చీర కట్టుకుని, పూలు పెట్టుకుని, ఎవరూ చూడనప్పుడు భుజాలు ఎగరేసి నడుస్తుంది, మీసం లేని చోట మీసం దువ్వుతున్నట్టు చూస్తుంది, లక్ష్మణకుమారుడి కాలు తొక్కి నలిపేస్తుంది. ఇరవై ఏళ్లు దాటి కొన్నాళ్లే అయిన అమ్మాయి ఒక రాక్షసుడి బరువును ఒంట్లోకి తెచ్చుకున్న తీరు ఇప్పటికీ చూసి నేర్చుకోవాల్సిందే. ముఖమే మనిషి కాదని, నడకలో, చూపులో, కాలు మోపడంలో మనిషి ఉంటాడని చెప్పిన సీన్లు అవి. సావిత్రిని శశిరేఖ ముఖంగా మాత్రమే గుర్తుపెట్టుకోవడం ఆమెకు చేసే అన్యాయమని ఆ సీన్లే చెబుతాయి.

ఈ దారిలో చివరిదాకా వెళ్లిన తెలుగు సినిమా ఈగ (2012). రాజమౌళి హీరోని అరగంట దాటగానే చంపేసి ఈగగా పుట్టించాడు. అదే పోలికలున్న ఇంకో మనిషిగా కాదు, ఈగగా. ముఖం లేదు, డైలాగు లేదు, అందం అసలే లేదు. అయినా తనెవరో ప్రేమించిన అమ్మాయికి తెలియాలి. ఆమె ఏడుస్తుంటే బల్ల మీద పడిన కన్నీటి చుక్కతో ఆ ఈగ తన పేరు రాస్తుంది. అభిమానులు హీరో చావును ఒప్పుకోరని నలభై ఏళ్లుగా చెబుతున్న పరిశ్రమ, ఆ సినిమా హిట్టయినప్పుడు ఒక్కసారి ఆగి ఆలోచించాల్సింది. ప్రేక్షకుడు ముఖం లేకపోయినా మనిషిని గుర్తుపట్టాడు. ముఖం కోసం ఇంత భయపడాల్సిన పని లేదని తేలింది, కానీ ఆ దారిలో తర్వాత పెద్దగా ఎవరూ నడవలేదు. ఇప్పుడు కంప్యూటర్‌లో ముఖాలను ఇరవై ఏళ్లు వెనక్కి తీసుకుపోతున్నారు, చిలక పంజరం ఇంకా గట్టిపడుతోంది.

అందాన్నీ చావునూ ఒకేచోట ఇంత దగ్గరగా చూసిన సినిమా మాత్రం ఫ్రాన్స్‌లో ఆన్యెస్ వర్దా 1962లో తీసిన క్లియో ఫ్రమ్ ఫైవ్ టు సెవెన్. క్లియో పాటగత్తె, చాలా అందగత్తె. క్యాన్సరేమోనని పరీక్ష చేయించుకుంది, సాయంత్రం రిజల్ట్ రావాలి. సినిమా అంతా ఆ గంటన్నర ఎదురుచూపే. మొదటి సగంలో ఆమె కనబడిన ప్రతి అద్దంలో చూసుకుంటుంది, అందంగా ఉన్నంతసేపు బతికే ఉన్నానని తనకు తను ధైర్యం చెప్పుకుంటుంది. రిజల్ట్ కోసం ఏ ఆసుపత్రి బెంచీ మీదైనా కూర్చున్నవాళ్లకు ఆ టెన్షన్ తెలుసు, కిటికీ అద్దంలో కూడా ముఖం పాలిపోయిందా అని చూసుకుంటాం. సగం సినిమా అయ్యాక ఒక విచారమైన పాట పాడుతూ పాడుతూ ఆమె ఆగిపోతుంది. సవరం తీసి పడేస్తుంది, నల్ల గౌను వేసుకుని ఒంటరిగా వీధిలోకి వస్తుంది. అక్కణ్ణుంచి కెమెరా చేసే పని మారిపోతుంది. అప్పటిదాకా అందరూ ఆమెను చూశారు, ఇప్పుడు ఆమె అందరినీ చూస్తుంది. కేఫ్‌లో కూర్చున్నవాళ్లు, వీధిలో కప్పలు మింగేవాడు, పార్కులో అల్జీరియా యుద్ధానికి తిరిగి వెళ్లబోతున్న ఒక సిపాయి. అతనికీ చావు భయమే, కాకపోతే అతనికి అద్దం లేదు. ఇద్దరూ కలిసి బస్సెక్కి ఆసుపత్రికి పోతారు. డాక్టరు కారులోంచే రెండు నెలలు వైద్యం చేయాలని చెప్పేసి వెళ్లిపోతాడు. జబ్బు నిజమే. ఆమె ముఖంలో భయం మాత్రం లేదు, అద్దం కోసం వెతకడం కూడా లేదు.

మన దగ్గర 2023లో బలగం వచ్చినప్పుడు తెలంగాణ పల్లెల్లో బడి ముందరో, పంచాయితీ ముందరో తెర కట్టుకుని చూశారు. అది సిరిసిల్ల వైపు కథ అయినా, నల్లగొండలో, పాలమూరులో చూసినవాళ్లకు పరాయిది అనిపించలేదు, చావు చేసే తీరు ఇక్కడా దాదాపు అదే. కొమురయ్య తాత చనిపోతాడు. ఆయన ముఖంలో సినిమా అందం ఏమీ లేదు, ఊరంతా తిరిగి అందరినీ పలకరించి ఆటపట్టించే మామూలు ముసలి ముఖం. ఆ తర్వాత సినిమా అంతా ఆయన లేడు, ఆయన కోసం పెట్టిన కూడును ముట్టని కాకి ఉంది. మూడో రోజు ముట్టదు, ఐదో రోజు ముట్టదు. ఇంటిల్లిపాదికీ భయం పట్టుకుంటుంది, తాతకు ఏం కోరిక మిగిలిందోనని. చనిపోయిన మనిషి ఎవరు అన్న ప్రశ్న అక్కడ ముఖాన్ని పట్టుకుని కాదు, ఆయనకేం కావాలో పట్టుకుని మొదలవుతుంది. చిలకలో దాచిన ప్రాణం ఎవరికీ దొరక్కూడదు. కాకిలో ఉన్న ప్రాణం మాత్రం ఎవరో ఒకరు గుర్తుపట్టేదాకా వదలదు.

పిట్టకు పెట్టేటప్పుడు చెరువు కట్ట కింద నిలబడ్డవాళ్లను చూస్తే ఇది తెలుస్తుంది. విస్తరిలో మాంసం కూర, పక్కన సీసాలో కల్లు, ఒక బీడీ కట్ట. కాకి చెట్టు మీద ఉంటుంది, కిందికి రాదు. ఒక్కొక్కరు ముందుకొచ్చి గట్టిగా చెబుతారు. చిన్నబిడ్డ పెండ్లి మేం జేస్తం. తమ్మునితోని మాట్లాడుత. బోరు కాడి పంచాయితీ ఇడిసిపెడుత. ఫ్లెక్స్ ఊరి మొదట్లో కట్టే ఉంది, తెల్లటి ముఖం, కోటు, నీలం రంగు. ఇక్కడికి దాన్ని ఎవరూ తేరు. అందరూ తలలెత్తి కొమ్మ వైపు చూస్తుంటారు, ఇంకేం మిగిలిందా అని గుర్తుచేసుకుంటుంటారు, ఎవరో వెనకనుంచి ఆయనకు పచ్చిపులుసంటే ఇష్టం గదరా, తెచ్చిన్రా అని అడుగుతారు.